చారెడేసి కళ్ళ పాప

పెడనలో పసిపిల్లలకు నీళ్ళు పోసే నాంచారమ్మ అనే ఆవిడ ఉండేది. చేతిలో ఎంత నేర్పు ఉండేదో, "నాకు తెలియదు" అనే మాట పలకడానికి నోటికి అంత మొండితనం ఉండేది.

నేర్పు సంగతి ముందు చెప్పాలి. లేకపోతే ఆవిడకు అన్యాయం చేసినట్టవుతుంది. పొద్దున్నే బాలింత ఇంటికి వెళ్ళి, పెరట్లో పీట వేసుకుని, కాళ్ళు బారజాపి కూర్చునేది. పిల్లను కాళ్ళ మీద పడుకోబెట్టుకుని ఒళ్ళంతా నూనె పట్టించేది. సున్నిపిండితో నలిచి, మోచేతి మీద పోసుకుని చూసుకున్న వేన్నీళ్ళే పిల్లకు పోసేది. ఎంత గుక్కపట్టి ఏడ్చే పిల్లయినా మూడో చెంబుకల్లా ఊరుకునేది. తుడిచి, పాత చీరముక్కలో చుట్టి ఉయ్యాల్లో వేస్తే రెండు గంటల దాకా కదిలేది కాదు. ఇరవై ఎనిమిదేళ్ళుగా ఆవిడ కాళ్ళ మీద స్నానాలు చేసిన పిల్లలు ఇప్పుడు అద్దకం షెడ్లలో బట్టల మీద అచ్చులు వేస్తున్నారు, బస్సులు నడుపుతున్నారు. ఒకాయన ఏకంగా ఊళ్ళో తగవులు తీరుస్తున్నాడు. "నీ తల ఇంత గుండ్రంగా ఉందంటే నా చేతి చలవేరా" అని ఆయన ఎదుటే అనేది. ఆయన నవ్వుతూ తల తడుముకునేవాడు.

ఇక నోటి సంగతి. ఏ తల్లి ఏమడిగినా నాంచారమ్మ దగ్గర జవాబు సిద్ధంగా ఉండేది. ఎక్కిళ్ళు ఎందుకంటే చెప్పేది. నిద్దట్లో నవ్వు ఎందుకంటే చెప్పేది. తొంభై పాళ్ళు ఆవిడ చెప్పింది నిజమే. మిగతా పది పాళ్ళలో పిల్లల బాధలు వాటంతట అవే తగ్గిపోయేవి, ఆ పేరు కూడా నాంచారమ్మకే వచ్చేది. దాంతో తనకు తెలియనిది అంటూ ఏదీ లేదని ఊరూ నమ్మింది, ఆవిడా నమ్మింది.

ఒక ఏడు అదే ఊళ్ళో రాఘవమ్మ అనే ఆవిడ కూతురు కనకదుర్గ తొలి కాన్పుకు పుట్టింటికి వచ్చి ఆడపిల్లను కన్నది. పిల్లవి చారెడేసి కళ్ళు. చూడవచ్చిన వాళ్ళంతా ముందు ఆ కళ్ళనే చూసేవారు, తర్వాతే తల్లిని పలకరించేవారు. "ఏం కళ్ళే తల్లీ! ఊరంతా చూసేసేలా ఉంది" అనేవారు. బారసాల నాడు ఏం పేరు పెట్టాలా అని పెద్దవాళ్ళు తర్జనభర్జన పడుతుంటే నాంచారమ్మ తేల్చేసింది.

"ఈ కళ్ళకు విశాలాక్షి తప్ప ఇంకో పేరు పెడితే పాపం చుట్టుకుంటుంది."

అలా పిల్ల విశాలాక్షి అయింది. కనకదుర్గ అత్తగారు సామ్రాజ్యమ్మ గుడివాడ నుంచి వచ్చింది. ఆవిడ దేన్నీ తొందరపడి మెచ్చుకునే మనిషి కాదు. ఆవిడ కూడా పిల్లను ఒళ్ళోకి తీసుకుని, "కళ్ళు మాత్రం బాగున్నాయి" అని ఒప్పుకుంది.

మూడో నెలలో పిల్ల కళ్ళు నలుపుకోవడం మొదలుపెట్టింది. రెండు పిడికిళ్ళూ కళ్ళకు ఆనించి అటూ ఇటూ రుద్దుకునేది. కనకదుర్గ నాంచారమ్మను అడిగింది.

"పిన్నీ, పిల్ల అస్తమానం కళ్ళు రుద్దుకుంటోంది. ఎందుకంటావు?"

"నిద్రమ్మా. నిద్ర వచ్చేవేళకు కళ్ళు అలిసి పొడిబారతాయి. రుద్దుకుంటే చెమ్మ ఊరి హాయిగా ఉంటుంది. మనం చేయమూ? పసివాళ్ళకు మాటలు రావు కదా, చేతులతో చెబుతారు. ఆవలించి కళ్ళు రుద్దుకుందంటే ఉయ్యాల ఊపమని అర్థం."

చక్కటి మాట. తల్లులంతా గుర్తుపెట్టుకోదగ్గ మాట. కనకదుర్గ ఉయ్యాల ఊపింది, పిల్ల నిద్రపోయింది. కానీ రెండు గంటలు నిద్రపోయి లేచి, కాళ్ళు చేతులు ఆడిస్తూ కూడా మళ్ళీ కళ్ళే రుద్దుకుంది.

"ఇప్పుడే లేచింది కదా పిన్నీ!" అంది కనకదుర్గ.

"అయితే సాంబ్రాణి పొగ పడలేదు. రేపటినుంచి మానేద్దాం" అంది నాంచారమ్మ.

పొగ మానేశారు. రుద్దుకోవడం మానలేదు. అప్పుడు నాంచారమ్మ పెరటి వెనక అద్దకం షెడ్డు వైపు చూసింది. అక్కడ రాఘవమ్మ భర్త పెద్ద డేగిసాల్లో రంగులు ఉడికించేవాడు. "ఆ కట్టెల పొగ ఇటు కొడుతోంది" అంది. తలుపుకు దుప్పటి కట్టారు. రెప్ప వెంట్రుక లోపల పడిందేమో అంది. చూశారు, ఏమీ లేదు. గోళ్ళు గీరుకుంటున్నాయేమో అంది. చేతులకు గుడ్డ సంచులు తొడిగారు. పిల్ల ఆ సంచులతోనే రుద్దుకుంది. కళ్ళ వెంట నీళ్ళు కారడం మొదలైంది. కళ్ళు ఎర్రబడలేదు, పుసి కట్టలేదు, ఊరికే నీళ్ళు.

"తాగిన పాలు ఎక్కువై పొంగుతున్నాయిలే" అంది నాంచారమ్మ. ఈ మాట ఆవిడకే అంత బాగా అనిపించలేదు. అయినా అనేసింది.

చివరికి దిష్టి అంది. రాఘవమ్మ రోజూ ఉప్పూ మిరపకాయలూ తిప్పి పొయ్యిలో వేసింది. చారెడేసి కళ్ళకు దిష్టి తగలక ఇంకెవరికి తగులుతుందని అందరూ అనుకున్నారు. నిద్ర సంగతి నిజం, పొగ సంగతి నిజం, నలక సంగతీ నిజమే. ఎందరో పిల్లల విషయంలో నిజాలే అవి. ఈ పిల్ల విషయంలో మాత్రం ఒక్కటీ కాదు. అది చెప్పవలసిన మనిషికి ఇంకా తట్టలేదు.

అయిదో నెల వచ్చింది. బాలింతను, పిల్లను సారె పెట్టి అత్తవారింటికి పంపే ముహూర్తం కుదిరింది. ముందురోజు, రోజూ పిల్లకు నీళ్ళు పోసే తడికల చాటు నీడ చోటంతా కడిగిన గంగాళాలతో నిండిపోయింది. పోనీలే అని నాంచారమ్మ పీట తెచ్చి పెరటి మధ్యలో, ఎండలో వేసుకుంది. పిల్లను కాళ్ళ మీద వేసుకుందో లేదో, విశాలాక్షి రెండు కళ్ళూ గట్టిగా మూసేసి, మొహం నాంచారమ్మ పిక్కకు అదిమి కెవ్వుమంది. ఒక చెంబు పోసింది, రెండు పోసింది. మూడో చెంబుకు కూడా పిల్ల ఊరుకోలేదు.

నాంచారమ్మ చెంబు కింద పెట్టింది. పిల్లను ఎత్తుకుని వసారా నీడలోకి వెళ్ళింది. ఏడుపు ఆగింది, కళ్ళు తెరుచుకున్నాయి. మళ్ళీ ఎండలోకి వచ్చింది. కళ్ళు గట్టిగా మూతపడ్డాయి, నీళ్ళు ధారగా కారాయి. ఎండకు కళ్ళు చిట్లించని పిల్ల ఉండదు, ఆవిడకు తెలుసు. ఇది చిట్లించడం కాదు. వెలుతురంటే భయపడి దాక్కోవడం.

నీడలో కూర్చుని ఆవిడ ఆ కళ్ళలోకి చూసింది. అయిదు నెలలుగా చూస్తున్న కళ్ళే. మెచ్చుకుంటూ చూసింది తప్ప పరికించి చూడలేదు. ఇప్పుడు చూస్తే నల్లగుడ్డు మీద అద్దానికి ఆవిరి పట్టినట్టు సన్నటి మసక కనిపించింది.

ఆ పూట ఆవిడకు ఇంకా రెండిళ్ళు ఉన్నాయి. రెండిళ్ళలోనూ నాలుగైదు నెలల పిల్లలే. రెండు చోట్లా నూనె ముట్టుకోకుండా ముందు పిల్ల కళ్ళే చూసింది. అక్కడ నల్లగుడ్డు చిన్నగా, నిగనిగలాడుతూ ఉంది. చుట్టూ తెల్లగా బోలెడు చోటుంది. విశాలాక్షి కంట్లో నల్లగుడ్డే కన్నంతా పరుచుకుని ఉంది.

"ఏంటి పిన్నీ, అలా చూస్తున్నావు?" అని రెండో ఇంటి తల్లి అడిగింది.

నాంచారమ్మ నూనె గిన్నె దగ్గరికి లాక్కుంది. జవాబు లేకుండా ఆవిడ ఒక ఇల్లు దాటడం అదే మొదటిసారి.

నీళ్ళు పోయడం అయ్యాక ఆవిడ తిరిగి రాఘవమ్మ ఇంటికి వచ్చి వంటింట్లోకి వెళ్ళింది. రాఘవమ్మ సారెకు సున్నుండలు చుడుతోంది.

"అక్కా, పిల్ల కళ్ళు నాకు బాగా అనిపించడం లేదు. కంటి డాక్టరుకు చూపించండి."

రాఘవమ్మ చేతిలో ఉండ విడిపోయింది. "నిన్నటిదాకా దిష్టి అన్నావు కదే!"

"అన్నాను. ఇది దిష్టి కాదు."

"మరేంటి?"

నాంచారమ్మ నేల చూస్తూ, "ఏంటో నాకు తెలీదు" అంది. ఆ మూడు మాటలు అనేసరికి ఆవిడ మెడ మీద చెమట పట్టింది.

"పోనీ చనుబాలు రెండు చుక్కలు వేయిద్దాం. మా అమ్మ అలాగే వేసేది" అంది రాఘవమ్మ.

"వద్దక్కా. పాలొద్దు, ఆముదమొద్దు, కాటుకా వద్దు. ఏమొచ్చిందో తెలియని కంట్లో నేనేమీ వెయ్యను, నిన్నూ వెయ్యనివ్వను."

రాఘవమ్మ కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. ఆవిడ భయం వేరు. "రేపు వియ్యపురాలు వస్తోంది. ఆవిడ సంగతి నీకు తెలుసు. పిల్ల కంటికి ఏదో ఉందని పదిమందిలో తెలిస్తే నా కూతుర్ని బతకనిస్తుందా? నీకు దణ్ణం పెడతాను నాంచారూ. రేపొక్కరోజు నోరు మూసుకో. గుడివాడ వెళ్ళాక వాళ్ళే చూపించుకుంటారు."

నాంచారమ్మ సరేనంది. ఎందుకు అబద్ధం చెప్పాలి, ఆవిడకూ ఆ ఏర్పాటు సుఖంగానే తోచింది. తన మాట తప్పని పెడనలో ఎవరికీ తెలియకుండా పోతుంది. తప్పు గుడివాడలో బయటపడుతుంది, పేరు ఇక్కడ నిలబడుతుంది. ఇంతకంటే ఏం కావాలి?

మర్నాడు పొద్దున్నే గుడివాడ వాళ్ళు అద్దె కారులో దిగారు. సామ్రాజ్యమ్మ, ఆవిడ కొడుకూ కనకదుర్గ భర్తా అయిన శోభనాచలం, ఇద్దరు ముత్తయిదువులు. చివరి నీళ్ళు పోయడం అయింది. వసారాలో చాప వేసి నాంచారమ్మను కూర్చోబెట్టారు. కొత్త చీర, పళ్ళు, పసుపు కుంకుమలు పళ్ళెంలో పెట్టి రాఘవమ్మ తెచ్చింది.

"మా పిల్లను బంగారంలా చేసి ఇచ్చావు. ఆ కళ్ళు చూస్తే చాలు, ఆకలెయ్యదు" అంది ఒక ముత్తయిదువు.

ఆ మాటకు అందరూ నవ్వారు. కనకదుర్గ ఒళ్ళో విశాలాక్షి మాత్రం వీధి గుమ్మంలోంచి పడుతున్న వెలుతురుకు మొహం తిప్పుకుని, రెండు పిడికిళ్ళతో కళ్ళు రుద్దుకుంటోంది. కనకదుర్గ నాంచారమ్మ వైపు చూసింది. రెండు నెలలుగా అడిగి అడిగి అలిసిపోయిన చూపు అది.

నాంచారమ్మ పళ్ళెం పక్కకు జరిపింది.

"నాకీ చీర వద్దు. ఈ పిల్లకు చూపు సరిగా ఉందో లేదో నాకు అనుమానంగా ఉంది. వెలుతురు చూడలేకపోతోంది. నిద్రలేచాక కూడా కళ్ళు నలుపుకుంటోంది, ఊరికే నీళ్ళు కారుతున్నాయి, నల్లగుడ్డు మసకేసింది. ఇవాళే డాక్టరుకు చూపించాలి."

రాఘవమ్మ గోడకు ఆనుకుంది. సామ్రాజ్యమ్మ మెల్లగా వియ్యపురాలి వైపు తిరిగింది.

"అయిదు నెలలు పిల్ల మీ దగ్గరుంది వదినగారూ. ఇదా మీరు చూసింది? మా దగ్గర దాచి పంపుదామనుకున్నారా?"

నాంచారమ్మ లేచి ఇద్దరి మధ్యకూ వచ్చి నిలబడింది.

"వాళ్ళనేం అనకండి అమ్మా. తల్లి రెండు నెలలుగా అడుగుతూనే ఉంది. నిద్రన్నాను, పొగన్నాను, దిష్టన్నాను. తెలీదని అనలేక నోటికొచ్చింది అన్నాను. అక్క భయపడి ఒక్కరోజు ఆగమంటే నా పేరు పోతుందని నేనూ సరేనన్నాను. తిట్టాలంటే నన్ను తిట్టండి. కానీ కారులో కూర్చుని తిట్టండి, పిల్లను తీసుకుని పోదాం."

ఎంత గుండె ఉండాలండీ ఆ మాట అనడానికి! ఇరవై ఎనిమిదేళ్ళ పేరును పదిమంది ముందు తన చేత్తోనే తీసి కింద పెట్టింది.

సామ్రాజ్యమ్మ ఆవిడను ఎగాదిగా చూసింది. తర్వాత పిల్లను ఎత్తుకుని గుమ్మం దగ్గరికి తీసుకెళ్ళింది. కళ్ళు గట్టిగా మూతపడ్డాయి. లోపలికి తెచ్చింది. తెరుచుకున్నాయి.

"వదినగారూ, ఇవాళ్టి ముహూర్తం..." అని రాఘవమ్మ నసిగింది.

"పిల్ల చూపు కంటే మంచి ముహూర్తం ఏముంటుంది? శోభనాచలం, కారు విజయవాడ పోనియ్యి. నాంచారమ్మా, నువ్వూ ఎక్కు" అంది సామ్రాజ్యమ్మ.

సారె బుట్టలు వసారాలోనే ఉండిపోయాయి. విజయవాడలో కంటి ఆసుపత్రిలో డాక్టరమ్మ పిల్లను చీకటి గదిలోకి తీసుకెళ్ళి చాలాసేపు పరీక్షించింది. బయటికి వచ్చి తల్లిదండ్రులను కూర్చోబెట్టి చెప్పింది.

"కంటి లోపల ఊరే నీరు బయటికి పోవడానికి సన్నని దారి ఉంటుంది. మీ పాపకు ఆ దారి పుట్టుకతోనే సరిగా ఏర్పడలేదు. నీరు నిలిచి లోపల ఒత్తిడి పెరుగుతోంది. పసివాళ్ళ కన్ను మెత్తగా ఉంటుంది కాబట్టి ఆ ఒత్తిడికి సాగుతుంది. మీరంతా పెద్ద కళ్ళని మురిసిపోయింది ఆ సాగిన కన్ను చూసే."

కనకదుర్గ వెక్కి వెక్కి ఏడ్చింది. డాక్టరమ్మ ఆమె భుజం మీద చెయ్యి వేసింది.

"ఇది చాలా కొద్దిమందికి వచ్చే జబ్బు. త్వరగా ఆపరేషన్ చేస్తే చూపు నిలబెట్టుకోవచ్చు. ఇంకొన్ని నెలలు ఆగి ఉంటే మాత్రం నేను ఈ మాట చెప్పలేకపోయేదాన్ని. ఎవరు గమనించారు?"

అందరూ నాంచారమ్మ వైపు చూశారు. ఆవిడ తల దించుకుని అడిగింది. "డాక్టరమ్మా, నా చేతిలోంచి చాలామంది పిల్లలు వెళతారు. కళ్ళు నలుపుకున్న ప్రతి పిల్లనూ పట్టుకు రావాలా?"

"అక్కర్లేదు. నిద్రకు రుద్దుకుంటే నిద్రపోయి లేచాక మానేస్తారు. పొగకైతే పొగ పోయాక మానేస్తారు. మానకపోతే ఆలోచించాలి. కన్ను ఎర్రబడినా, పుసి కట్టినా, వాచినా, ఒక్క కన్నే పట్టుకుని ఏడుస్తున్నా చూపించాలి. వెలుతురుకు దాక్కోవడం, నల్లగుడ్డు మసకేయడం, లేదా రోజురోజుకూ పెద్దదవడం కనిపిస్తే ఒక్కరోజు కూడా ఆగొద్దు."

నాంచారమ్మ ఆ మాటలను వేళ్ళు మడుస్తూ మూడుసార్లు అప్పజెప్పింది. చదువు రాని మనిషి, ఒక్కటి కూడా జారవిడవలేదు.

ఆ వారంలోనే రెండు కళ్ళకూ ఆపరేషన్ అయింది. పెడనలో ఈలోగా ఊరికే ఉన్నారా? "ఇన్నాళ్ళూ తెలియకుండానే చెప్పిందట" అని రెండిళ్ళవాళ్ళు నాంచారమ్మను మాన్పించేశారు. ఊరి నోటికి మూకుడెక్కడ? ఆవిడ ఎవరికీ సంజాయిషీ చెప్పుకోలేదు. మిగిలిన ఇళ్ళలో మాత్రం నూనె రాయడానికి ముందు పిల్లను గుమ్మం దాకా తీసుకెళ్ళి, వెలుతురులో కళ్ళు చూసేది. ఏ తల్లయినా ఏదైనా అడిగితే తెలిసింది చెప్పేది, తెలియంది ఆసుపత్రి నర్సును అడిగి రమ్మనేది. నెల తిరిగేసరికి మాన్పించిన రెండిళ్ళలో ఒక ఇల్లు మళ్ళీ కబురు పెట్టింది.

రెండు నెలల తర్వాత మరోసారి పరీక్షకు అందరూ విజయవాడ వెళ్ళారు. డాక్టరమ్మ చూసి, ఒత్తిడి దిగిందని, మసక చాలావరకు విడిపోయిందని చెప్పింది. ఇకముందు కళ్ళజోడు కావాలి, ఏళ్ళ తరబడి పరీక్షలకు వస్తూనే ఉండాలి. కానీ చూపు ఉంటుంది. ఆసుపత్రి వరండా మెట్ల దగ్గర శోభనాచలం పిల్లను ఎత్తుకుని నిలబడ్డాడు. పట్టపగలు, పది గంటల వెలుతురు. విశాలాక్షి మొహం దాచుకోలేదు. కళ్ళు విప్పి ఎదురుగా ఉన్న నాంచారమ్మను చూసింది. ఆవిడ ఎడమవైపు జరిగితే అటు చూసింది, కుడివైపు జరిగితే ఇటు చూసింది. తర్వాత బోసినోటితో నవ్వింది. నాంచారమ్మ కొంగు నోట్లో కుక్కుకుని ఏడ్చేసింది.

పక్కన నిలబడ్డ ఎవరో పెద్దావిడ, "ఏమైందమ్మా?" అని అడిగింది.

ఎవరినీ తొందరపడి మెచ్చుకోని సామ్రాజ్యమ్మ జవాబు చెప్పింది. "మా మనవరాలికి చూపు ఇచ్చిన మనిషి ఈవిడ."

నాంచారమ్మ కళ్ళు తుడుచుకుని తల అడ్డంగా ఊపింది.

"చూపు ఇచ్చింది డాక్టరమ్మ. నేను అడ్డం తప్పుకున్నాను, అంతే."

నీతి: తెలిసింది చెప్పడం నేర్పే, తెలియని చోట తెలియదని ఒప్పుకుని, తెలిసినవారి దగ్గరకు వెంటనే నడిపించడం అంతకంటే పెద్ద నేర్పు.